టర్నర్ మూడు పుస్తకాల్లో ముందు ఏది చదవాలి?

హిట్లర్‌ను గద్దెనెక్కించింది బడా వ్యాపారుల డబ్బేనన్న మాట వినని వారు తక్కువ. అది నిజమో కాదో తేల్చుకుందామని అమెరికన్ చరిత్రకారుడు హెన్రీ ఆష్బీ టర్నర్‌ను పట్టుకునేవారు ముందుగా తెరిచేది 1985 నాటి ‘జర్మన్ బిగ్ బిజినెస్ అండ్ ద రైజ్ ఆఫ్ హిట్లర్’. నేనూ దానితోనే మొదలుపెట్టి, చందాల లెక్కల మధ్య రెండుసార్లు ఆగిపోయాను.

ఆ లెక్కలే పుస్తకానికి ప్రాణమని తర్వాత అర్థమైంది. అధికారంలోకి రాకముందు నాజీ పార్టీ ప్రధానంగా సభ్యత్వ రుసుములతో, సభలకు పెట్టిన టికెట్లతో నడిచిందని, పెద్ద కంపెనీల సొమ్ము ఎక్కువగా ఇతర మితవాద పార్టీలకే చేరిందని టర్నర్ కాగితాలు తిరగేసి చూపిస్తారు. ఉక్కు యజమాని ఫ్రిట్జ్ తిస్సెన్ లాంటివారు మినహాయింపు. వాదన గట్టిదే. కానీ దీన్ని వ్యాపారులకు ఇచ్చిన క్లీన్‌చిట్‌గా చదివితే పప్పులో కాలేసినట్టే. 1933 ఫిబ్రవరి 20న, అంటే హిట్లర్ ఛాన్స్‌లర్ (ప్రభుత్వాధినేత) అయిన మూడు వారాలకే, నాజీ నాయకుడు గోరింగ్ నివాసంలో కూర్చుని ఎన్నికల నిధికి 30 లక్షల జర్మన్ మార్కులు ఇస్తామన్నది ఆ పెద్దమనుషులే కదా!

1996లో వచ్చిన ‘హిట్లర్స్ థర్టీ డేస్ టు పవర్’ దీనికి పూర్తిగా వేరు. కథంతా ఒక్క నెలదే, 1933 జనవరిది. 1932 నవంబరు ఎన్నికల్లో నాజీల సీట్లు 230 నుంచి 196కు పడిపోయాయి. పార్టీ అప్పుల్లో ఉంది. జనవరి 4న కొలోన్‌లో కుర్ట్ ఫాన్ ష్రోడర్ అనే బ్యాంకరు ఇంట్లో హిట్లర్‌ను మాజీ ఛాన్స్‌లర్ పాపెన్ రహస్యంగా కలిశాడు. రహస్యమంటే ఎంతని? లోపలికి వెళ్తుండగానే ఫోటో తీశారు, మర్నాటికి పత్రికకెక్కింది. తన పదవి లాక్కున్న ష్లైషర్‌పై కసి తీర్చుకోవడమే పాపెన్ పట్టుదల. 15న ఎన్నికలు జరిగిన లిప్పె అనే బుల్లి రాష్ట్రంలో, సుమారు లక్ష మంది ఓటర్ల కోసం, హిట్లర్ ఊరూరా తిరిగాడు. ముందటి జులైలో వచ్చినన్ని ఓట్లు కూడా రాకపోయినా ఘనవిజయమని చాటింపు వేయించాడు. చివరికి 30వ తేదీన, మంత్రివర్గంలో హిట్లర్‌తో కలిపి ముగ్గురే నాజీలు కాబట్టి పగ్గాలు తన చేతిలోనే ఉంటాయనుకుని, పాపెన్ వృద్ధ అధ్యక్షుడు హిండెన్‌బర్గ్‌ను ఒప్పించేశాడు. ఇది చదివాక పాత పుస్తకంలోని లెక్కలకు అర్థం వస్తుంది: డబ్బుకన్నా ఎక్కువగా పనిచేసింది ఈ నలుగురైదుగురి అసూయ, తెలివితక్కువతనం. ఈ వాదన వ్యక్తులకు మరీ పెద్దపీట వేస్తుందని అనిపించవచ్చు. నాకూ కొంత అలాగే అనిపించింది. అయినా ముందు చదవాల్సింది ఇదే.

2005 నాటి ‘జనరల్ మోటర్స్ అండ్ ద నాజీస్’ను మూడోదిగా పెట్టుకోండి. జర్మన్ కార్ల కంపెనీ ఒపెల్‌ను 1929–31 మధ్య కొనేసిన జనరల్ మోటర్స్ అమెరికన్లు లాభాలను దేశం దాటించలేక, మళ్లీ జర్మనీలోనే పెట్టి, బ్రాండెన్‌బర్గ్‌లో లారీల కర్మాగారం కట్టారు. ఆ లారీలే సైన్యానికి పనికొచ్చాయి. పత్రాల సేకరణ పనిని టర్నర్‌కు అప్పగించింది జనరల్ మోటర్సేనని, పుస్తకం మాత్రం ఆయన సొంతంగా రాశారని గుర్తుంచుకుని చదవాలి.

యుద్ధకాలంలో జర్మన్ కంపెనీల పాపం గురించే తెలుసుకోవాలంటే వీటిలో ఏదీ సరిపోదు. అందుకు పీటర్ హేస్ 1987లో జర్మన్ రసాయనాల కంపెనీ ఐజీ ఫార్బెన్‌పై రాసిన పుస్తకం తీసుకోండి.