పులి, కంకణం, మా పాప: ఏడాదిగా చూస్తున్న బొమ్మల కథ

బంగారు కంకణం ఆశ చూపి బాటసారిని పొట్టన పెట్టుకున్న ముసలి పులి కథ హితోపదేశంలోది. చిన్నయసూరి 1853 నాటి నీతిచంద్రికలోని మిత్రలాభంలోనూ ఉంది. దాని యానిమేషన్ వీడియో మా ఇంట్లో ఏడాదికి పైగా నడుస్తోంది. ఆరేళ్ల మా పాపకు సంభాషణలన్నీ కంఠతా వచ్చు.

ఈ కథకు ప్రాణం పులి మాటతీరు. చేతిలో దర్భలు పట్టుకుని, వయసులో ఉండగా ఎన్నో పాపాలు చేశాననీ, భార్యాబిడ్డలు పోయారనీ, గోళ్లూ పళ్లూ రాలిపోయి ఇప్పుడు దానధర్మాలతో కాలం గడుపుతున్నాననీ చెప్పుకొస్తుంది. వీడియోలో ఈ ఘట్టాన్ని కుదించలేదు, సంతోషం. గొంతు ఇచ్చినాయన పురాణం చెబుతున్నంత నింపాదిగా పలికారు. ‘ఏదీ, చూపించు’ అని బాటసారి అనగానే పులి పంజా చాస్తుంది. కంకణం తళుక్కుమంటుంది. అక్కడ మా పాప ఇప్పటికీ ముద్ద నమలడం ఆపేస్తుంది. స్నానం చేసి వచ్చి దానం పుచ్చుకోమంటే బాటసారి చెరువులో దిగి బురదలో కూరుకుపోతాడు. ‘అయ్యో, ఉండు, లేవదీస్తాను’ అంటూ పులి మెల్లగా నడిచి వస్తుంది. పరుగెత్తదు. నాకైతే ఒళ్లు జలదరించేది ఆ నడకకే.

నచ్చనివీ ఉన్నాయి. పులి తెర మీదికి రాగానే డోలు మోత మొదలవుతుంది. చెడ్డవాడెవడో వాయిద్యాలే చెప్పేస్తే పిల్లలు మాటలెందుకు వింటారు? బయట ఎవరి వెనకా డోలు మోగదు కదా! చివర ‘పిల్లలూ, కొత్తవాళ్లను నమ్మకూడదు’ అన్న ఉపన్యాసం మరీ పొట్టి చూపు. పిల్లలపై లైంగిక నేరాల్లో నిందితులు ఎక్కువగా తెలిసినవాళ్లేనని జాతీయ నేర గణాంకాలు చూపిస్తూనే ఉన్నాయి. ఆ అరనిమిషంలో చైల్డ్ హెల్ప్‌లైన్ 1098 నంబరు వేసినా ఉపయోగపడేది.

అన్నిటికన్నా పెద్ద లోటు, పావురాలను తీసేయడం. మూలంలో ఈ కథను పావురాల రాజు చిత్రగ్రీవుడు నేల మీద నూకలు చూసి ఆశపడిన తన పావురాలకు చెబుతాడు. అవి వింటాయి, విని కూడా దిగుతాయి, వలలో పడతాయి! చెప్పేశాం కదా అని నిశ్చింతగా ఉండే పెద్దలకు తగలాల్సిన దెబ్బ అది.

అందుకే మేం ఉపన్యాసానికి ముందే ఆపేసి మాట్లాడుకుంటాం. ‘పులికి కంకణం ఎక్కడిది?’ అని అడిగితే, ‘ముందు వచ్చినాయనది’ అంది పాప. వీడియోలో ఎక్కడా లేని మాట అది. ఐదేళ్లు దాటిన పిల్లలకు నిరభ్యంతరంగా చూపించవచ్చు, పక్కన పెద్దవాళ్లు ఉంటే. పడుకునే ముందు మాత్రం వద్దు.