రే లూయిస్, ప్యాట్రిక్ విల్లిస్: ఒకే నంబరు, రెండు దారులు

అమెరికన్ ఫుట్‌బాల్‌లో లైన్‌బ్యాకర్ డిఫెన్స్ మధ్యలో నిలబడతాడు. బంతి ఎటు వస్తుందో ముందే పసిగట్టి, పట్టుకొచ్చేవాణ్ణి పడగొట్టాలి. ఈ స్థానంలో 52 నంబరు జెర్సీ వేసుకున్న ఇద్దరు నాకు చాలా ఇష్టం.

రే లూయిస్ 1996 నుంచి 17 సీజన్లూ బాల్టిమోర్ రేవెన్స్‌కే ఆడాడు. రెండు సూపర్ బౌల్స్ (లీగ్ ఫైనల్స్) గెలిచాడు. 2001లో ఆ ఫైనల్‌కే ఉత్తమ ఆటగాడయ్యాడు. డిఫెన్స్ ఆటగాడికి అది అరుదుగా దక్కే గౌరవం.

శాన్ ఫ్రాన్సిస్కో ఫార్టీనైనర్స్‌కు ఆడిన విల్లిస్ 2007లో వచ్చీరాగానే లీగ్‌లో అందరికంటే ఎక్కువ ట్యాకిల్స్ (బంతి ఉన్నవాణ్ణి పడగొట్టడం) చేశాడు. వేగంలో లూయిస్ కంటే ఒక మెట్టు పైనే అంటాను. కానీ పాదాల గాయాలు వదల్లేదు. 2015లో, 30 ఏళ్లకే, ఎనిమిది సీజన్లతో ఆట ఆపేశాడు.

ఇద్దరూ 2013 ఫిబ్రవరిలో, న్యూ ఆర్లియన్స్ సూపర్ బౌల్‌లో తలపడ్డారు. 37 ఏళ్ల లూయిస్‌కు అదే ఆఖరి మ్యాచ్. అంతకు కొన్ని నెలల ముందే అతని చేతి కండరం తెగింది, అయినా తిరిగొచ్చాడు. చివరి నిమిషాల్లో ఫార్టీనైనర్స్ గోల్ గీతకు ఐదు గజాల దూరం దాకా వచ్చారు. లూయిస్ మైదానంలో ఉండి అడ్డుకున్నాడు. అప్పుడు బంతి ఫార్టీనైనర్స్‌దే, విల్లిస్ డిఫెన్స్ ఆటగాడు కాబట్టి గీత బయట నిలబడి చూడాల్సి వచ్చింది. ఆ టెన్షన్ ఊహిస్తేనే గుండె బరువెక్కుతుంది. బాల్టిమోర్ 34–31తో గెలిచింది.

లూయిస్‌ను హాల్ ఆఫ్ ఫేమ్‌లోకి (ఆట దిగ్గజాల గౌరవ జాబితాలోకి) 2018లోనే తీసుకున్నారు. విల్లిస్ 2024 వరకు ఎదురుచూశాడు. సూపర్ బౌల్ విజేతలకిచ్చే ఉంగరం లేకపోయినా, నా ఓటు విల్లిస్‌కే.