ఇసుక మీద నెత్తురు: ‘స్పార్టకస్’, ‘రోమ్’

ప్రాచీన రోమ్‌లో జనం ముందు బరిలో పోరాడే గ్లాడియేటర్ల లోకాన్ని చూపిన టీవీ ధారావాహికల్లో నాకు బాగా గుర్తుండిపోయినవి రెండు. ఒకటి 2010లో మొదలైన ‘స్పార్టకస్’, మరొకటి 2005 నాటి ‘రోమ్’. రెండూ పెద్దలు మాత్రమే చూడదగ్గవి.

‘స్పార్టకస్’లో కత్తి దిగే క్షణం నెమ్మదిస్తుంది, నెత్తురు తెరంతా చిమ్ముతుంది. మొదటి భాగాల్లో అది నాకు వెగటు పుట్టించింది. అయితే శృంగారం విషయంలో ఈ కథ చాలా లోతుకు వెళ్లింది. ఇటలీలోని కాపువా పట్టణంలో బటియాటస్ అనే యజమాని నడిపే గ్లాడియేటర్ల శిక్షణశాలలో బానిస ఒళ్లు యజమాని సొత్తు. పోరుకు పంపినా, పడకగదికి పంపినా వాళ్ల ఇష్టం ఎవరూ అడగరు. సంపన్న స్త్రీలు యోధులను పిలిపించుకునే సన్నివేశాల్లో మోహం కన్నా అధికారమే భయపెడుతుంది. క్రీ.పూ. 73లో 70 మందికి పైగా బానిసలు స్పార్టకస్‌తో కలిసి వంటింటి కత్తులు పట్టుకుని తిరుగుబాటుకు ఎందుకు తెగించారో అక్కడే అర్థమవుతుంది.

‘రోమ్’ ప్రధానంగా సైనికుల, రాజకీయాల కథ. గ్లాడియేటర్ల పోరుకు అందులో దక్కిన చోటు తక్కువ. కానీ ఆ ఒక్క ఘట్టం మరపురాదు. మరణశిక్ష పడి బరిలోకి తోసిన సైనికుడు టైటస్ పుల్లో పోరాడనని మొండికేస్తాడు. తాను పనిచేసిన పదమూడో సైనిక దళాన్ని ప్రత్యర్థులు ఎగతాళి చేయగానే లేస్తాడు. చివరికి మిత్రుడు వొరేనస్ తానే బరిలోకి దూకుతాడు. ఇక్కడి హింసలో సొగసు లేదు, ప్రాణభయమూ స్నేహమూ ఉన్నాయి.

హింసను చూపిన తీరుకు నా ఓటు ‘రోమ్’కే. బానిసల దేహాల మీద సాగిన దోపిడీని తెలుసుకోవాలంటే మాత్రం ‘స్పార్టకస్’ చూడండి.