గుంటల మీద రాత్రి డ్యూటీకి మోడాఫినిల్: చాలా పంటలు వాడాక

మోడాఫినిల్ అంటే ఏంటి, ఎలా పనిచేస్తుంది లాంటివి వెతికితే దొరుకుతాయి, వాటి జోలికి పోను. నేను విడవలూరు వైపు రొయ్యల గుంటల మీద రాత్రి సూపర్‌వైజర్ని. షిఫ్టు పని వల్ల నిద్ర గతి తప్పిందని నెల్లూరులో డాక్టరు రాసిచ్చిన, మెలకువగా ఉంచే మందు ఇది. ఈ సమస్యకు దీన్ని వాడటానికి అమెరికాలో 2004లోనే అనుమతి ఇచ్చారు. పరీక్షల కోసం రాత్రంతా చదవాలని చూసేవాళ్లకు నేను రాసేది పెద్దగా పనికిరాదు.

నాకు దీంట్లో బాగా నచ్చింది ఒక్కటే, వేసుకున్నట్టు తెలియదు. అంతకుముందు ఫ్లాస్కు నిండా టీ పెట్టుకునేవాణ్ణి. టీ ఎక్కడం తెలుస్తుంది, దిగడం తెలుస్తుంది, మధ్యలో గుండె దడ, గంటగంటకీ గట్టు దిగి పోయి రావడం. మోడాఫినిల్‌కి ఆ హడావిడి లేదు. డ్యూటీ ఎక్కడానికి గంట ముందు మాత్ర వేసుకుంటాను. తెల్లవారుజామున మూడున్నరకు టైము చూసుకుని, అరె, ఇంకా కళ్లు మూతలు పడలేదే అనుకుంటాను చూడండి, మందు పనిచేసిందనడానికి అదే గుర్తు. హుషారు ఏమీ రాదు.

ఆ మూడున్నర ఎందుకంత ముఖ్యమో గుంటల మీద ఉండేవాళ్లకు చెప్పక్కర్లేదు. ఎండ లేనప్పుడు నీళ్లలో ప్లాంక్టన్, అంటే కంటికి కనపడని నాచు, ఆక్సిజన్ ఇవ్వదు, పైగా రొయ్యతో పాటు తనూ పీలుస్తుంది. తెల్లవారే ముందు డీవో, అంటే నీళ్లలో కరిగి ఉన్న ఆక్సిజన్, అన్నిటికంటే కిందికి దిగుతుంది. మనిషికి ఒంట్లో వేడి తగ్గి నిద్ర ముంచుకొచ్చేదీ ఆ వేళకే. పంట వంద రోజులు దాటి, కౌంటు (కిలోకి ఎన్ని రొయ్యలు తూగుతాయో ఆ లెక్క) ముప్పైల్లోకి వచ్చాక ఆ రెండు గంటలు గడిస్తే చాలురా దేవుడా అన్నట్టుంటుంది.

అలాంటి ఒక రాత్రి, నాలుగు దాటాక కరెంటు పోయింది. రెక్కలు తిప్పి నీళ్లలో గాలి కలిపే ఏరియేటర్లన్నీ ఒక్కసారిగా ఆగిపోయాయి. జనరేటర్ దగ్గరికి పరిగెత్తి తాళం తిప్పితే ఉలుకూ పలుకూ లేదు, బ్యాటరీ చచ్చింది. నిద్రమత్తులో ఉండుంటే అక్కడే కాళ్లూ చేతులూ ఆడేవి కావు. ఆ రాత్రి మాత్రం చేయాల్సిన పనులు ఒకదాని వెనక ఒకటి వాటంతట అవే తోచాయి. ట్రాక్టర్ బ్యాటరీ విప్పుకురావాలి, ఈలోగా కుర్రాళ్లతో ఆక్సిజన్ బిళ్లలు చల్లించాలి, రొయ్య ఎక్కువున్న మూలగుంటకు ముందు లైను ఇవ్వాలి. కంగారు లేదు. గొంతు కూడా పెంచలేదు నేను. జనరేటర్ అందుకునేసరికి మూలగుంటలో రొయ్య పైకి తేలి అంచులకు చేరుతోంది. ఇంకాస్త ఆలస్యమైతే పంట పోయేది. పొద్దున యజమాని వచ్చి భుజం తట్టాడు. ఇది మాత్ర మహిమేనని మా బావకి ఫోన్ చేసి మరీ చెప్పాను.

అప్పుడంత గట్టిగా చెప్పాను గానీ, ఇప్పుడైతే అలా చెప్పను. ఎందుకంటే ఆ రాత్రి జనరేటర్ షెడ్డు దగ్గరికి నాకంటే ముందు చేరింది మా దగ్గర మేత చల్లే పెద్దాయన. తర్వాతెప్పుడో టీ తాగుతా అడిగాను, నువ్వూ మేలుకొనే ఉన్నావా అని. "నేనేడ మేలుకోనుండా అబ్బయా, రెక్కల సద్దు ఆగింది, మెలకువొచ్చింది" అన్నాడు. మాత్రా లేదు, టీ కూడా లేదు. సాయంత్రం చీకటి పడకముందే ఒక కునుకు తీసి వస్తాడు, అంతే. ఏళ్ల తరబడి ఆ చప్పుడులో పడుకున్న మనిషికి చప్పుడు ఆగడమే అలారం.

అప్పట్నుంచి దీని ఉపయోగం ఎక్కడా అని జాగ్రత్తగా గమనిస్తూ వచ్చాను. చప్పుడుతో వచ్చే ఆపదకు మాత్ర అక్కర్లేదు. ఏరియేటర్లు తిరుగుతూనే ఉండి, డీవో అంకె మాత్రం నాలుగున్నర, నాలుగు, మూడున్నర అని మెల్లగా జారుతుంది చూడండి, అక్కడ కావాలి. అది ఎవర్నీ నిద్ర లేపదు. మీటరు ముంచి, అంకె చూసి, రాసుకుని, ఇందాకటి అంకెతో పోల్చుకోవాలి. ఆ పని మోడాఫినిల్ వేసుకున్న రాత్రి బాగా సాగుతుంది, వేసుకోని రాత్రి నా రాత నాకే అర్థం కాదు.

నిద్ర పూర్తిగా పోతుందని మాత్రం అనుకోవద్దు. రాత్రి షిఫ్టువాళ్ల మీద 200 మిల్లీగ్రాములతో చేసిన పరిశోధన ఒకటి 2005లో న్యూ ఇంగ్లండ్ జర్నల్ ఆఫ్ మెడిసిన్‌లో వచ్చింది. రాత్రిపూట పడుకోబెడితే సగటున రెండు నిమిషాల్లో నిద్రపోయేవాళ్లు, మందు వేసుకున్నాక నాలుగు నిమిషాల లోపు నిద్రపోయారు. తేడా ఉంది, కానీ అంతే. డ్యూటీ దిగి ఇంటికి వెళ్లేటప్పుడు యాక్సిడెంట్లు, తృటిలో తప్పినవి చెప్పినవాళ్లు మాత్రం బాగా తగ్గారు. పొద్దున్నే బండి మీద పోయే నాకు అది చిన్న విషయం కాదు.

ఇక నాకు కోపం తెప్పించేది ఇది దిగని తీరు. మోడాఫినిల్‌లో రెండు రకాల అణువులు కలిసి ఉంటాయి, ఒకటి తొందరగా పోతుంది, రెండోది దానికి మూడింతలు సేపు ఒంట్లో ఉంటుంది. ఆ రెండోదాన్నే విడిగా తీసి ఆర్మోడాఫినిల్ అని అమ్ముతారు. దాంట్లో సగం తగ్గడానికే పదిహేను గంటలు పడుతుంది. ఒక పంటకు డాక్టరు దాన్ని మార్చి చూశారు. తెల్లవారుజామున ఇంకా గట్టిగా పనిచేసిన మాట నిజమే. కానీ పొద్దున ఇంటికొచ్చి, స్నానం చేసి, కిటికీలు మూసి పడుకుంటే, ఒళ్లంతా పులిసిపోయి ఉన్నా కళ్లు మాత్రం వడ్డీకి అప్పిచ్చినవాడిలా కాపలా కాస్తాయి. మధ్యాహ్నం ఫ్యాను రెక్కలు లెక్కపెట్టుకుంటూ పడుకోవడమే. పోయిన నిద్రను ఈ మందు తిరిగి ఇవ్వదు, దాన్ని తర్వాతకి నెడుతుంది. మళ్లీ పాతదానికే వచ్చి, 100 మిల్లీగ్రాములతో సరిపెట్టుకుంటున్నాను.

మనసు సంగతి మా ఆవిడ చెప్పాలి. "పలకరిస్తే కొట్టేటట్టు చూస్తా ఉండావు, ఏంది నీకు?" అని అడిగింది. కోపమని నాకు అనిపించదు, పక్కవాళ్లు మాట మధ్యలో ఆగితే ఓర్చుకోలేను, అంతే. ఆకలి చస్తుంది, ముందురోజు చేపల పులుసు గిన్నెలో అట్లాగే మిగిలిందంటే నెల్లూరువాడికి అంతకంటే రుజువేం కావాలి! తలనొప్పి మొదట్లో రోజూ ఉండేది, నీళ్లు, మజ్జిగ ఎక్కువ తాగితే కొంత నయం.

మా చెల్లెలు నర్సు. తనూ నైట్ డ్యూటీలకు వేసుకోవచ్చా అని అడిగితే నేను ముందు చెప్పింది ఒకటే, గర్భనిరోధక మాత్రలు వాడేవాళ్లకు ఇది వాటి బలం తగ్గిస్తుంది, మానేశాక నెల దాకా కూడా. మందు పెట్టెలో కాగితం మీద ఉంటుంది, ఎవరూ చదవరు. ఒంటి మీద దద్దుర్లు వస్తే ఇంకో మాత్ర వేసుకోకుండా డాక్టరు దగ్గరికి వెళ్లమనీ దాంట్లోనే రాసి ఉంటుంది.

ఇప్పుడు పంట చివరి నెలలో, అదీ మబ్బు పట్టి డీవో నిలబడని రాత్రుల్లోనే వేసుకుంటున్నాను. మిగతా రోజులకు పెద్దాయన పద్ధతి, సాయంత్రం కునుకు. నాకు బీపీ లేదు, పగలు పడుకోవడానికి వేరే గది ఉంది, పిల్లలు బడికి పోతారు, కాబట్టి నాకు ఇది కుదిరింది. పక్క గుంటలాయన ఒక స్ట్రిప్ ఇవ్వమని అడిగాడు. ఆయన బీపీ మాత్రలు వాడతాడు, గుండె పరీక్ష కూడా ఒకసారి చేయించుకున్నాడు. స్ట్రిప్ ఇవ్వలేదు, డాక్టరు ఏ వేళకి ఉంటారో చెప్పి పంపాను.