బెకెన్‌బావర్ సంతకం అని అమ్ముతున్న జెర్సీ కొనకండి

పాత జెర్సీలు, సంతకాల బంతులు అమ్మే ఆ పేజీ గురించే రాస్తున్నాను. ఫుట్‌బాల్ పిచ్చి ఉన్నవాళ్లకి అది ఏ పేజీయో చెప్పక్కర్లేదు. 'జర్మనీ 1970 సెమీఫైనల్ మోడల్ జెర్సీ, బెకెన్‌బావర్ స్వయంగా సంతకం చేసినది, సర్టిఫికెట్‌తో సహా' అని పెట్టారు. బెకెన్‌బావర్ అంటే జర్మనీకి ఆడిన గొప్ప డిఫెండర్. 32,000 రూపాయలు. మొత్తం ముందే పంపమన్నారు, పంపేశాను. మొన్న ఆదివారం నాన్నకి డెబ్బై ఏళ్లు నిండాయి. ఆయన కోసమే కొన్నాను.

నాన్న కాలేజీ టీంలో బ్యాక్, అంటే డిఫెండర్‌గా ఆడేవారు. వెనక నిలబడి వచ్చిన బంతినల్లా బయటికి తన్నేయడం కాదురా డిఫెన్స్ అంటే, బంతిని కాళ్ల దగ్గర పెట్టుకుని ముందుకి నడవాలి, బెకెన్‌బావర్‌లా, అని నాకు చిన్నప్పటి నుంచీ చెప్పేవారు. మెక్సికో సిటీలో ఇటలీతో ఆడిన ఆ 1970 ప్రపంచకప్ సెమీఫైనల్ కథ మా ఇంట్లో అందరికీ కంఠతా వచ్చు. ఆటలో బెకెన్‌బావర్‌కి భుజం కీలు తప్పింది. మార్చుకోవడానికి ఉన్న ఇద్దరు ఆటగాళ్లనీ అప్పటికే వాడేశారు. అందుకని చేతిని ఛాతీకి కట్టించుకుని ఎక్స్‌ట్రా టైం అంతా ఆడాడు. జర్మనీ 4-3తో ఓడిపోయింది. ఇది చెప్పేటప్పుడు నాన్న తన కండువాతో చెయ్యి కట్టుకుని మరీ చూపించేవారు.

1990 ప్రపంచకప్ ఫైనల్, జర్మనీకీ అర్జెంటీనాకీ. ఆ రాత్రి నాన్న నన్ను నిద్ర లేపి టీవీ ముందు కూర్చోబెట్టారు. మన టైం ప్రకారం పదకొండున్నరకి మొదలైంది. అప్పటికి బెకెన్‌బావర్ జర్మనీ మేనేజర్. నాలుగేళ్ల ముందు ఫైనల్లో అదే అర్జెంటీనా చేతిలో 3-2తో ఓడిన జట్టుకీ ఆయనే మేనేజర్. 85వ నిమిషంలో జర్మనీ ఆటగాడు బ్రెమె పెనాల్టీ కొట్టాడు, 1-0. అందరూ ఎగురుతుంటే ఆయన మెడలో పతకంతో మైదానంలో ఒక్కడే నడుచుకుంటూ వెళ్లాడు. 1974లో కెప్టెన్‌గా కప్పు ఎత్తినవాడు, మళ్లీ మేనేజర్‌గా గెలిచాడు. "చూడరా, డిఫెండర్!" అన్నారు నాన్న. ఆ మాట నాకింకా గుర్తుంది.

ఆదివారం పొద్దున కవర్ విప్పి జెర్సీ చేతికిచ్చాను. తెల్ల జెర్సీ, నల్ల ఇంకు సంతకం. నాన్న ముందు సంతకం మీద వేలు పెట్టి తడిమారు. వెనక్కి తిప్పారు. కాసేపు మాట్లాడలేదు. తర్వాత మెల్లగా, "ఐదేంట్రా? డెబ్బైలో ఆయన నంబర్ నాలుగు కదా" అన్నారు.

నిజమే. 1966లో, 1970లో ఆయన వేసుకున్నది 4. ఐదో నంబర్ 1974లో. కప్పు గెలిచిన ఫోటోల్లో ఐదు చూసి, అదే అన్ని జెర్సీల మీదా కొట్టేస్తున్నారన్నమాట. అప్పుడు సర్టిఫికెట్ తీసి చదివాను. సంతకం చేసిన తేదీ 2024 మే. ఆయన పోయింది 2024 జనవరి 7న. ఆ వార్త వచ్చినప్పుడు నాన్నకి ఫోన్ చేసి అరగంట మాట్లాడింది నేనే. బ్రెజిల్ దిగ్గజం జగాలో పోయిన రెండు రోజులకే ఈయన కూడానా అని నాన్న బాధపడ్డారు. అంతా తెలిసి కూడా ఆ కాగితం మీద తేదీ చూసుకోలేదు నేను. తప్పు నాదే, ఒప్పుకుంటున్నాను.

సెల్లర్‌కి ఫోన్ చేశాను. డబ్బు కట్టేవరకూ సార్, సార్ అన్న మనిషే. నంబర్ సంగతి చెప్తే "గోడకి తగిలించుకునేదానికి నంబర్ ఏదైతే ఏంటి?" అన్నాడు. సరే, మరి చనిపోయిన నాలుగు నెలలకి సంతకం ఎలా చేశాడని అడిగాను. నవ్వాడండీ. "ఆయనే లేడు కదా బ్రో, ఇప్పుడొచ్చి నా సంతకం కాదంటాడా?" అన్నాడు.

ఫోన్ స్పీకర్లో ఉంది. నాన్న పక్కనే ఉన్నారు, విన్నారు. 32,000 పోయినందుకు కాదు, ఆ మాట నాన్న వినాల్సి వచ్చినందుకు నాకు మూడు రోజులుగా నిద్ర లేదు. పొరపాటైంది, వేరేది పంపుతానంటే ఇంత మంట ఉండేది కాదు. మనిషి పోయాడు కాబట్టి అడిగేవాడు లేడు అన్నది వాడి ధైర్యం. ఆ తర్వాత నా ఫోన్ నంబర్ బ్లాక్ చేశాడు.

నాన్న జెర్సీ మడిచి పక్కన పెట్టి, "పోనీలేరా, నాకోసం వెతికావు కదా" అన్నారు. తిట్టినా బాగుండేది.

సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేసి ఫిర్యాదు రాయించాను, సర్టిఫికెట్ ఫోటోలూ డబ్బు పంపిన వివరాలూ ఇచ్చాను. మీరు ఎవరి దగ్గర కొన్నా సర్టిఫికెట్ ఫోటో ముందే తెప్పించుకుని తేదీ చదవండి, ఏ ఏడాది జెర్సీయో ఆ ఏడాది నంబర్ సరిచూడండి, వస్తువు చేతికి రాకుండా మొత్తం డబ్బు పంపకండి. నిన్న సాయంత్రం ఆ పేజీలో, బెకెన్‌బావర్‌తో పాటు జర్మనీకి ఆడిన గెర్డ్ ముల్లర్ సంతకం అని ఇంకో జెర్సీ పెట్టారు. ముల్లర్ 2021 ఆగస్టులో పోయారు. దాన్ని ఎవరైనా అడిగి ఉంటే, దయచేసి డబ్బు పంపకముందే ఆ తేదీ చూడండి.