ముదురు రోజిన్‌తో కొన్నేళ్లు: పట్టు అద్భుతం, ఎండల్లో మాత్రం జాగ్రత్త

వయొలిన్ వాయించేవాళ్లు నలుగురు కలిస్తే తీగల గురించీ, కమాను గురించీ గంటలు గంటలు మాట్లాడుకుంటారు. కమాను వెంట్రుకలకు రాసే రోజిన్ దగ్గరికొచ్చేసరికి వాయిద్యంతో పాటు ఏది వస్తే అదే చాలనుకుంటారు. నా అనుభవంలో మాత్రం నాదంలో అన్నిటికంటే పెద్ద తేడా చూపించింది పైన్ చెట్టు జిగురుతో చేసిన ఈ బిళ్లే. లేత రంగు, గట్టి రకం వదిలేసి ముదురు రంగు, మెత్తటి రకానికి మారి కొన్నేళ్లయింది. ఇప్పటికీ అదే వాడుతున్నాను, కాకపోతే మొదట్లో చెప్పినంత ధీమాగా ఇప్పుడు చెప్పను.

నేను పడిపోయింది ఒక్కదానికే: స్వరం మొదలయ్యే క్షణం. మంద్రంలో, లావు తీగ మీద కమాను నెమ్మదిగా లాగితే లేత రోజిన్‌తో ముందు కాస్త గాలి శబ్దం వచ్చేది, ఆ తర్వాత గానీ స్వరం నిలబడేది కాదు. ముదురు రోజిన్‌తో కమాను ఆనించి కదపగానే తీగ పలుకుతుంది. చెయ్యి బరువు వెయ్యక్కర్లేదు. వినీ వినపడనంత సన్నగా మొదలుపెట్టినా స్వరం తెగదు. గమకం తీరిగ్గా సాగేచోట కమాను ఎక్కడ జారిపోతుందోనన్న టెన్షన్ నాకు పూర్తిగా పోయింది.

కమాను తీగ మీద సాఫీగా రాసుకుంటూ పోతుందనిపిస్తుంది గానీ అక్కడ జరిగేది వేరు. కమాను వెంట్రుక తీగను పట్టుకుని కొంచెం దూరం లాక్కెళుతుంది, తీగ విడిపించుకుని వెనక్కి జారుతుంది, వెంట్రుక మళ్లీ పట్టుకుంటుంది. 440 హెర్ట్జ్ స్వరానికి ఇది సెకనుకు 440 సార్లు జరుగుతుంది. 19వ శతాబ్దంలో జర్మన్ శాస్త్రవేత్త హెల్మ్‌హోల్ట్జ్ ఈ కదలికను గమనించి వివరించారు. 1918లో సి.వి. రామన్ కమానుతో మోగే తీగల మీద ఏకంగా ఒక గ్రంథమే రాశారు. పట్టుకోవడం ఒక్కటే సరిపోయేదైతే ఏ జిగురు పూసినా పని జరిగేది. సమయానికి వదలడం కూడా తెలిసిన జిగురు కావాలి.

ఆ వదలడం దగ్గరే నాకు దెబ్బ తగిలింది. మండు వేసవి సాయంత్రం ఒక కచేరీ, ఫ్యాన్లు తప్ప ఇంకేమీ లేని హాలు, లైట్లు సరిగ్గా నెత్తి మీద. విలంబంలో వాయించిన మొదటి అంశం ఎంత బాగా కుదిరిందంటే, లోపల చాలా సంతోషపడ్డాను. వేగం పెరిగాక కథ మారింది. కమాను తీగని వదలట్లేదు. చిన్న చిన్న కమాన్లు వేసేచోట ప్రతి స్వరానికీ ముందు గరగరమంటోంది. పై తీగ మీదికి వెళితే అసలు స్వరం బదులు కీచుమని ఇంకేదో వస్తోంది. అంశానికీ అంశానికీ మధ్య వంగి చూశాను. కమాను తగిలే చోట రోజిన్ పొడి పొడిగా లేదు. తీగ చుట్టూ ముద్దగా పేరుకుని, వేలు పెడితే సాగుతోంది. పొడిబట్టతో తుడవబోతే బట్టే అతుక్కుంది. తుడిచిన కాసేపు బాగుండేది, మళ్లీ అంతే. ఎందుకంటే అసలు సరుకంతా వెంట్రుకల్లోనే ఉంది. చెయ్యి బరువు పూర్తిగా తీసేసి, కమాను కొస వైపు వాయిస్తూ ఎలాగో ముగించాను. విన్నవాళ్లెవరూ ఏమీ అనలేదు. నాకు మాత్రం ఆ గరగర ఒక్కొక్కటీ వినపడుతూనే ఉంది, ఇప్పటికీ ఆ బాధ ఉంది.

రోజిన్ గాజులాంటి పదార్థం. మంచులా ఒక ఉష్ణోగ్రత దగ్గర ఉన్నట్టుండి కరగదు, వేడెక్కేకొద్దీ మెత్తబడుతుంది. తీగ జారిన ప్రతిసారీ ఆ రాపిడికి తాకేచోట వేడి పుడుతుంది, ఆ వేడికి రోజిన్ ఆ క్షణానికి మెత్తబడి పట్టు సడలిస్తుంది. దానికి గదిలో ఉక్క కూడా తోడైతే, అసలే మెత్తగా ఉండే రకం తొందరగా బంక బంకగా అయిపోయి, వదలాల్సినప్పుడు వదలదు. గట్టి రకం ఇంకా కొంత తట్టుకుంటుంది.

పొడి సంగతి కూడా చెప్పాలి. దీనికి పొడి తక్కువ రాలుతుందని మొదట్లో అందరికీ గొప్పగా చెప్పేదాన్ని. రాలడం తక్కువే, అందులో అబద్ధం లేదు. కానీ లేత రోజిన్ పొడి తెల్లగా పైపైన పడుతుంది, మెత్తటి బట్టతో ఒక్కసారి తుడిస్తే పోతుంది. ముదురు రోజిన్ పొడి మాత్రం తీగలను ఎత్తి పట్టే బ్రిడ్జి దగ్గర వార్నిష్‌ని పట్టుకుని కూర్చుంటుంది, వాయించడం అవగానే తుడవకపోతే పొర కడుతుంది. స్పిరిట్‌తో తుడవమనేవాళ్లు ఉన్నారు. దయచేసి చెక్క మీద ఆ పని చెయ్యకండి. ఆల్కహాల్ రోజిన్‌ని కరిగిస్తుంది నిజమే, వార్నిష్‌నీ వదలదు. చాలా వార్నిష్‌లలో ఉండేదీ చెట్టు జిగురే.

బిళ్ల పగిలితే ముక్కలు సన్నటి సెగ మీద కరిగించి మళ్లీ పోసుకోవచ్చని చాలామంది చెబుతారు. నేను చెయ్యమనను. ఇది అంటుకుంటే మండే పదార్థం, పైగా రోజిన్ పొగ వల్ల సోల్డరింగ్ పనివాళ్లకు ఆస్తమా రావడం బాగా తెలిసిన విషయమే. పెద్ద ముక్క ఒకటి బట్టలో పట్టుకుని రాసుకుంటే బిళ్లలాగే పనిచేస్తుంది.

మరి కొనమంటానా? నావి సింథటిక్ కోర్ తీగలు (లోపల సింథటిక్ దారం ఉండేవి), నా చెయ్యి తేలిక, ఎక్కువగా వాయించేది మంద్రం, మధ్య స్థాయి, అదీ చల్లటి గదిలో. ఇలాంటివాళ్లకైతే తప్పకుండా కొనమంటాను. స్టీల్ తీగలతో, ఎప్పుడూ వేగంగా, ఉక్కపోత హాళ్లలో వాయించేవాళ్లకు మాత్రం చెప్పలేను. ఇంకో చిక్కేమిటంటే, రకం మార్చాలంటే ఆ రోజు వేరే బిళ్ల రుద్దితే సరిపోదు. పాతది వెంట్రుకల్లో చాలాకాలం ఉండిపోయి కొత్తదాంతో కలుస్తుంది. నా దగ్గర రెండో కమాను ఉంది కాబట్టి దానికి లేత రోజిన్ మాత్రమే రాసి, వేసవి కార్యక్రమాలకు అది తీసుకెళుతున్నాను. ఒక్క కమానే ఉన్నవాళ్లు ముందు లేత రకంతోనే ఉండి, వెంట్రుకలు మార్పించే సమయం వచ్చినప్పుడు దీన్ని ప్రయత్నించడం మంచిది.