ఒక్కరి రాత్రి వంటకు 22 సెంటీమీటర్ల ఆవిరి గిన్నె: నాలుగేళ్ల వాడకం తర్వాత

పెట్టె మీది బొమ్మలో చిల్లుల పళ్లెం నిండా కూరగాయలు, వాటి పక్కన రెండు చేప ముక్కలు ఉంటాయి. ఆ బొమ్మను నమ్మి చేపను నేరుగా చిల్లుల మీద పెట్టారా, ఈ గిన్నె కొన్నది దండగే. చేప దిగవిడిచిన రసమంతా అడుగు నీళ్లలోకి కారిపోతుంది. చర్మం చిల్లులకు అతుక్కుని ఊడొస్తుంది. రసం కలిసిన ఆ నీళ్లు మరిగి ఇల్లంతా నీచు కొడుతుంది. అదే చిల్లుల మీద అంచున్న స్టీలు పళ్లెం ఒకటి పెట్టి, చేపను అందులో ఉంచితే రెండు మూడు చెంచాల రసం చేప కిందే నిలుస్తుంది. ఆ రసమే ఆ పూటకి కూర. పళ్లెం గిన్నెతో పాటు రాదు, విడిగా కొనుక్కోవాలి. వారానికి మూడు నాలుగు రాత్రులు వాడాక, ఎవరడిగినా ముందు చెప్పే మాట ఇదే.

వస్తువు మామూలుదే. అడుగున మూడు లీటర్ల స్టీలు గిన్నె, పైన రెండు చిల్లుల అరలు, ఆవిరి పోయే చిన్న రంధ్రంతో గాజు మూత. అడుగు అయస్కాంతం అంటుకునే రకం కాబట్టి ఇండక్షన్ పొయ్యి మీదా పనిచేస్తుంది. అప్పట్లో పదిహేను వందల లోపే దొరికింది. అర వ్యాసం 22 సెంటీమీటర్లు, లోపల పెట్టే పళ్లెం 18 ఉండాలి. చుట్టూ వేలు పట్టేంత ఖాళీ లేకపోతే ఆవిరి పైకి రాదు. పళ్లెం అరకి సరిగ్గా సరిపోయిందని సంబరపడితే చేప కింద ఉడికి పైన పచ్చిగా ఉంటుంది. 18 పళ్లెంలో పావు కేజీ చందువ (పాంఫ్రెట్) తోక కోసేస్తే పడుతుంది. అంతకన్నా పెద్దదైతే ఏటవాలుగా రెండు ముక్కలు చేయాల్సిందే. ఇద్దరికి వండాలంటే ఈ కొలత చాలదు, 26 కావాలి. ఒక్కరే తినే ఇంట్లో మాత్రం 26 కొనకండి, మూత కింద ఖాళీ అంతా వేడెక్కడానికే గ్యాస్ పోతుంది.

నీళ్లు 600 మిల్లీలీటర్లు పోయాలి. గిన్నెలో అవి రెండు వేళ్ల లోతు కూడా ఉండవు, చూస్తే తక్కువే అనిపిస్తాయి. కానీ సన్నని మరుగు మీద పది నిమిషాలకి గ్లాసు నీళ్లు కూడా ఆవిరి కావు. ఎక్కువ పోస్తే మరిగేటప్పుడు నీళ్లు చిల్లుల్లోంచి ఎగిరి పళ్లెంలో పడతాయి, రసం చప్పబడుతుంది. ఇండక్షన్ మీద 1200 వాట్లలో నాలుగైదు నిమిషాలకి మరుగు వస్తుంది. ఆపైన 800కి దించితే చాలు. మంట పెంచినంత మాత్రాన చేప బేగి ఉడకదు. నీళ్లు మరిగే వేడి ఎటూ 100 డిగ్రీలే. చేపని ఉడికించేది ఆవిరి చేప మీద చేరి నీరుగా మారినప్పుడు వదిలే వేడి. మూత అంచు నుంచి తెగకుండా ఆవిరి వస్తోందంటే లోపల కావలసినంత ఉన్నట్టే. నీళ్లు మరిగాకే పళ్లెం లోపల పెట్టాలి. చల్లటి నీళ్లతో పాటే పెట్టేస్తే లెక్క పెట్టిన నిమిషాలకి అర్థమే ఉండదు.

ఈ వంటలో దేనినీ దాచడానికి వీలులేదు. పులుసులో చింతపండు, కారం, వేయించిన మెంతి గుండ కలిసి ఒక రోజు పాత చేపని కూడా గట్టెక్కిస్తాయి. ఆవిరికి ఆ దయ లేదు. అందుకే పొద్దున్నే శ్రీకాకుళం తీరంలోని కళింగపట్నం, బారువ, భావనపాడు వైపు నుంచి వచ్చిన గంప దగ్గర గానీ, విజయనగరం జిల్లాలో అయితే చింతపల్లి, కోనాడ తీరం సరుకు దగ్గర గానీ కాసేపు నిలబడి చూసుకోవాలి. మొప్పలు ఎర్రగా ఉండాలి. కన్ను ఉబ్బి, నిగనిగలాడాలి. వేలితో నొక్కితే గుంట వెంటనే పూడాలి. కానాగంతల (మాకెరల్ చేపల) విషయంలో ఇంకో జాగ్రత్త ఉంది. ఎండలో, ఐసు లేకుండా గంటలు గడిచిన కానాగంతల్లో హిస్టమిన్ తయారవుతుంది. ఎంత ఉడికించినా అది పోదు. తిన్నాక ముఖం ఎర్రబడటం, దద్దుర్లు, తలనొప్పి దాని వల్లే. నోట్లో పెట్టగానే నాలుక చురుక్కుమంటే కంచం పక్కన పెట్టేయండి.

ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 వరకు మన తీరంలో మరబోట్లకి, ఇంజను బోట్లకి వేట నిషేధం. ఆ రెండు నెలలు సముద్రపు చేప తాజాగా దొరకడం కష్టం. ఐసు పెట్టెలో ఎన్నాళ్ల నుంచి ఉందో తెలియని కోనెం (వంజరం) కన్నా చెరువు రొయ్య నయం. చెరువు చేపే తెచ్చుకుంటే మాత్రం పళ్లెంలో చేరిన రసం పారబోయండి. మట్టి వాసన అందులోనే దిగుతుంది. వండేముందు నిమ్మరసం, ఉప్పు పట్టించి పది నిమిషాలు ఉంచి కడిగితే కొంత తగ్గుతుంది.

అన్నిట్లోకీ చందువకి ఈ గిన్నె బాగా నప్పింది. పావు కేజీ చేప, శుభ్రం చేశాక దగ్గర దగ్గర 200 గ్రాములు. ఒక్కరికి అది చాలు. ఫ్రిజ్‌లోంచి తీసి పావుగంట బయట ఉంచాలి, లేకపోతే పైభాగం ముదిరిపోయినా వెన్నుముల్లు దగ్గర ఎర్రగానే ఉంటుంది. రెండు వైపులా ముల్లు తగిలేదాకా మూడేసి ఏటవాలు గాట్లు పెట్టి, తడి మొత్తం గుడ్డతో అద్దేయాలి. తడి ఉంటే మసాలా జారిపోతుంది.

మసాలాగా ఆవ ముద్దే నా ఓటు. పనసపొట్టుకి ఆవ పెట్టే మన ఇళ్లలో దీన్ని కొత్తగా నేర్చుకోవలసిన పనిలేదు, కొలత మాత్రం మారుతుంది. చిన్న చెంచాడు ఆవాలు పావుగంట చల్లటి నీళ్లలో నానబెట్టాలి. వాటితో రెండు పచ్చిమిరపకాయలు, రెండు వెల్లుల్లి రెబ్బలు, అర చెంచా ఉప్పు, చిటికెడు పసుపు, రెండు పెద్ద చెంచాల పచ్చికొబ్బరి కలిపి నూరాలి. ఉద్దానం కొబ్బరికాయ దొరికితే వేరే ఆలోచన వద్దు. వేడి నీళ్లు పోసి నూరితే ఘాటు పుట్టదు, ఎందుకంటే ఆవాల్లో ఘాటుని పుట్టించే ఎంజైము వేడికి చచ్చిపోతుంది. ఒక్కరికి సరిపడా ముద్ద మిక్సీ జారుకి అందదు, బ్లేడు కింద తిరుగుతూ గోడలకి అంటుకుంటుంది. అల్లం దంచుకునే చిన్న రోలు సుఖం. మిక్సీ తప్పదనుకుంటే మూడు పూటలకి సరిపడా రుబ్బి, మిగిలినదానిలో కొంచెం నిమ్మరసం కలిపి సీసాలో పెట్టి ఫ్రిజ్‌లో ఉంచండి. మూడు రోజులు వస్తుంది, రోజురోజుకీ ఘాటు తగ్గుతుంది.

పళ్లెంలో రెండు ఉల్లికాడలో, మందంగా కోసిన ఉల్లి చక్రాలో వేసి వాటి మీద చేప ఉంచాలి. కింది నుంచి కూడా ఆవిరి తగలాలంటే ఆ ఎత్తు అవసరం. ముద్ద గాట్లలోకి దూర్చి, మిగిలింది పైన పూసి, చిన్న చెంచా నువ్వుల నూనె వేసి మూత పెట్టాలి. ఎనిమిది నిమిషాలు ఉడకనిచ్చి, పొయ్యి ఆపి, మూత తీయకుండా ఇంకో రెండు నిమిషాలు వదలాలి. వెన్ను దగ్గర కత్తి మొనతో నొక్కి చూస్తే కండ తెల్లగా ముల్లుని వదలాలి. గాజులా మెరుస్తుంటే ఇంకో నిమిషంన్నర. నిమ్మకాయ దించాకే పిండాలి. ముందే పిండితే పైపొర గట్టిపడుతుంది.

నిమిషాల లెక్క చేప బరువుతో రాదు, మందంతో వస్తుంది. మందం రెండింతలైతే సమయం రెండింతలు దాటుతుంది. రెండున్నర సెంటీమీటర్ల పండుగప్ప ముక్కకి తొమ్మిది, పది నిమిషాలు పడితే, గులివిందలనే చిన్న చేపలకి ఐదే చాలు. పండుగప్పలో కొవ్వు కాస్త ఉంటుంది కాబట్టి ఒక నిమిషం అటూ ఇటూ అయినా ఓర్చుకుంటుంది. కోనెం ఓర్చదు. ఖరీదైన చేప అని కోనెం తెచ్చి ఆవిరి పెడితే పీచుపీచుగా, పొడిగా వస్తుంది. దాన్ని పెనం మీద వేపుకోవడమే మర్యాద. కవళ్లు (సార్డిన్ చేపలు) కూడా ఇందులో వద్దు, నూనె వాసన మూత రబ్బరుకి పట్టి వారం వదలదు. సావడాయి (రిబ్బన్ చేప) అయితే మెత్తబడి పళ్లెంలోంచి తీసేలోపే విరుగుతుంది.

రొయ్యలకి గడియారం ఇంకా దగ్గర పెట్టుకోవాలి. 50 కౌంట్ (కేజీకి యాభై తూగే) వెనామీ రకం ఆరేడు రొయ్యలు ఒక్కరికి సరిపోతాయి. తల, పెంకు తీస్తే బరువులో సగానికి కాస్త పైనే మిగులుతుంది. పెంకుతో ఐదు నిమిషాలు, ఒలిచినవి మూడు. ఒకదాని మీద ఒకటి పడకుండా పరవాలి. రొయ్య వంపు తిరిగి గులాబీ రంగుకి వస్తే అయినట్టు, తోక తలని తాకేలా సున్నా చుట్టేసిందంటే రబ్బరే. చేపలా రెండు నిమిషాలు లోపల వదలకూడదు, ఆపిన క్షణమే పళ్లెం బయటికి రావాలి. పీత సంగతి వేరు. బతికున్నదే తేవాలి, చచ్చిన పీత వండొద్దు. అరగంట ఐసులో ఉంచి కదలిక ఆగాక వండితే కాళ్లు విరిచేసుకోదు. వెల్లకిలా పడుకోబెడితే డిప్పలోని గుజ్జు కారిపోకుండా ఉంటుంది. పావు కేజీ పీతకి పదిహేను నిమిషాలు.

రెండో అర గురించి కొంచెం చిరాకే ఉంది. మధ్యాహ్నం అన్నం ఫ్రిజ్‌లో ఉంటే చిన్న గిన్నెలో వేసి పై అరలో పెడితే చేపతో పాటే వేడెక్కుతుంది. బీరకాయ ముక్కలు, క్యారెట్ అక్కడే ఉడుకుతాయి. ఇది నిజంగా పనికొచ్చే సదుపాయం. కానీ పై అర అడుగున చేరిన నీటి చుక్కలు కింద చేప మీదే రాలతాయి. అరలు తారుమారు చేద్దామంటే చేప నీచు కూరగాయల మీద పడుతుంది. చేపని కిందే ఉంచి, పళ్లెం మీద అరటాకు ముక్క వదులుగా కప్పడం ఒకటే దారి. అప్పుడు ఒకటిన్నర నిమిషం ఎక్కువ పడుతుంది. అన్నం లేని రోజు పక్కన చోడి (రాగి) అంబలి ఉంటే ఈ గోలే లేదు.

మూత నుంచి కూడా ఇలాగే చుక్కలు పడతాయి. గాజు మూత బల్లపరుపుగా ఉండటం దీనికి పుట్టుకతో వచ్చిన లోపం. కాస్త గుమ్మటంలా ఉంటే నీరు అంచుకి జారేది. పలచటి నూలు గుడ్డ మూతకి లోపలి వైపు చుట్టి, కొసలు పైకి ముడి వేస్తే చుక్కలు ఆగుతాయి. కుండ మూతికి వాసెన కట్టి కుడుములు వండిన ఊళ్లలో గుడ్డ సంగతి చెప్పక్కర్లేదు గానీ, కొసలు మంటకి వేలాడకుండా చూసుకోవాలి.

ఇక పాడైనవి. రెండో ఏడు దాటాక పిడుల మరలు వదులయ్యాయి, నెలకోసారి బిగించాలి. మూత పట్టు ప్లాస్టిక్ ముక్క పగిలింది, స్టీలు సామాన్ల కొట్టులో వేరేది దొరికింది. అడుగు కొంచెం ఉబ్బి ఇండక్షన్ మీద ఊగుతోంది. నీళ్లు ఇంకిపోయిన గిన్నె మీద చల్లనీళ్లు పోయడం వల్ల వచ్చిన తిప్పలది, తప్పు వస్తువుది కాదు. బోరు నీళ్లతో అడుగున తెల్లటి పొర కడుతుంది. పిండేసిన నిమ్మచెక్కలు నీళ్లలో వేసి పది నిమిషాలు మరిగిస్తే పోతుంది. నీళ్లలో ఉప్పు మాత్రం వేయకండి. అడుగున చేరిన ఉప్పు స్టీలుకి సన్నని గుంటలు పెడుతుంది, చేపకి చేరేది ఏమీ ఉండదు.

ఉన్న ఇడ్లీ పాత్ర చాలదా అంటే, గుంటల పళ్లేలు తీసి స్టాండు మీద చిన్న పళ్లెం పెట్టగలిగితే చాలు. కాకపోతే మర్నాటి ఇడ్లీకి వాసన అంటుతుంది. అల్యూమినియం పాత్రయితే నిమ్మరసం, పులుపు దానికి తగలకూడదు. కుక్కరు కూడా వెయిట్ తీసేస్తే పనిచేస్తుంది, కానీ మధ్యలో మూత తీసి చూడటం ఇబ్బంది. వెయిట్ పెట్టి ఒక్క కూత వేయించినా లోపలి వేడి 100 దాటి చందువ పేస్టు అవుతుంది. కరెంటు ఆవిరి పెట్టెల్లో ప్లాస్టిక్ అరలకి నీచు పడితే అది ఇక వదలదు.

కడగడానికి ముందు చల్లనీళ్లు, తర్వాతే వేడినీళ్లు. వేడి నీళ్లు ముందు పోస్తే అంటుకున్న చేప కండ ఇంకా గట్టిపడి చిల్లుల్లో ఇరుక్కుంటుంది. తర్వాత శనగపిండితో ఒకసారి తోమితే జిడ్డు, వాసన రెండూ పోతాయి. అడుగు నీళ్లు ఆ రాత్రే పారబోయాలి. మూత వేయకుండా గిన్నె బోర్లించి, రబ్బరు పట్టీ ఉంటే ఊడదీసి విడిగా ఆరబెట్టాలి.